జానుస్సీ గురించి అనుకున్నాం, ఆఖరి సీను దగ్గరే ఉండిపోయాం

అక్క: ఈ వారం మన సినిమా కబుర్లు పోలండ్ దర్శకుడు క్రిష్టోఫ్ జానుస్సీ గురించి. 1939లో వార్సాలో పుట్టాడు. ముందు ఫిజిక్స్ చదివాడు, తర్వాత క్రాకోవ్‌లో ఫిలాసఫీ, ఆ పైన వుచ్ ఫిల్మ్ స్కూలు. మొదటి ఫీచర్ ఫిల్మ్ 1969లో...

తమ్ముడు: దానికే సంగీతం కిలార్.

అక్క: వచ్చేశాడు కిలార్! ఇక మధ్యలో కిలార్ పేరెత్తనని వాటర్ ట్యాంక్ ఎపిసోడ్ తర్వాత మాటిచ్చావు కదరా.

తమ్ముడు: ఆ మాట నీళ్ళ గురించి అక్కా, కిలార్ గురించి కాదు.

అక్క: సరే. 1973లో ‘ఇల్యూమినేషన్’కి లొకార్నోలో గోల్డెన్ లెపర్డ్, 1984లో మరో సినిమాకి వెనిస్‌లో గోల్డెన్ లయన్. 2012లో మన గోవా ఫెస్టివల్లో లైఫ్‌టైమ్ అచీవ్‌మెంట్ ఇచ్చారు. మధ్యలో 1980 నాటి ‘కాన్‌స్టాంట్ ఫ్యాక్టర్’...

తమ్ముడు: ఆ సినిమా ముగింపు అన్యాయం. హీరో విటోల్డ్ లంచాల జోలికి పోడు, దొంగ లెక్కలు రాయడు. తల్లి పోతుంది, ఉద్యోగం పోతుంది, హిమాలయాలకి వెళ్ళాలన్న కల పోతుంది. చివరికి కూలి పని చేసుకుంటుంటే పైనుంచి పెళ్ళలు రాలే చోటికి ఓ పిల్లాడు ఆడుకుంటూ వస్తాడు! ఇంత నిజాయితీగా బతికినవాడికి ఇదా?

అక్క: నిజాయితీకి కూలి ఇస్తారని ఎవరన్నారు? ఆ కుర్రాడికి లెక్కలంటే ప్రాణం, సంభావ్యత గురించి వింటాడు. అయినా తను మంచిగా ఉంటే లోకం కూడా నియమం తప్పదనుకుంటాడు. జానుస్సీ ఆ నమ్మకాన్నే పరీక్షకి పెట్టాడు.

తమ్ముడు: పరీక్ష అతనికి పెట్టమను. పిల్లాడిని ఎందుకు లాగాలి?

అక్క: లాగకపోతే మనం విటోల్డ్‌ని మెచ్చుకుని ఇంటికెళ్ళి పడుకుంటాం. మంచివాడి చేతి మీదుగా కూడా కీడు జరగొచ్చని ఒప్పుకోవడం మనకి కష్టం. నాకైతే ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

తమ్ముడు: నాకూ పట్టలేదు, కోపంతో. అక్కడ కిలార్ సంగీతం కూడా...

అక్క: ఒరేయ్!

తమ్ముడు: సరే సరే. ‘ఇల్యూమినేషన్’లో హీరో గుర్తున్నాడా? స్తానిస్వాఫ్ లతావో. అసలు కెమెరామన్. ఫిజిక్స్ చదివే కుర్రాడి వేషం వేశాడు. సినిమా వచ్చిన మరుసటి సంవత్సరమే, 1974లో, హిమాలయాల్లో లోత్సే శిఖర యాత్రకి వెళ్ళి పర్వతాల్లోనే చనిపోయాడు.

అక్క: ...ఊఁ.

తమ్ముడు: ఆరేళ్ళ తర్వాత విటోల్డ్ కథ. వాడి తండ్రి పోయింది కూడా కొండల్లోనే. అది తలచుకుంటే ఆ ముగింపుని తిట్టబుద్ధి కాదు. అయినా ఒప్పుకోను.

అక్క: ఒప్పుకోవద్దు. ఇంకో పోలిష్ దర్శకుడు కీష్లోవ్‌స్కీ తీసిన ‘కెమెరా బఫ్’లో జానుస్సీ తన పాత్రలో తానే కనిపిస్తాడు, జానుస్సీ సినిమా ‘కామఫ్లాజ్’ గురించి మాట్లాడాలి, తోర్ అనే ఫిల్మ్ స్టూడియో నడిపిన రోజులున్నాయి, ఇవన్నీ రాసుకొచ్చాను.

తమ్ముడు: ‘కామఫ్లాజ్’ వచ్చేవారం పెడదాం. అందులో ఆ ముసలి లెక్చరర్‌దే పైచేయి అని నేను...

అక్క: ముసలివాడేంటి, నలభై ఏళ్ళవాడు! పైచేయి కూడా కాదు.

తమ్ముడు: చూశావా, మళ్ళీ మొదలు.

అక్క: మొదలే. అమ్మ పిలుస్తోంది, ఆపు.