ఎవరూ చూడని గదులు కట్టిన కెన్ ఆడమ్

అందరికీ నమస్కారం.

అమెరికా ప్రభుత్వం బంగారం దాచే ఫోర్ట్ నాక్స్ లోపల ఎలా ఉంటుందో బయటివాళ్లు చూసింది చాలా అరుదు. 1964లో వచ్చిన జేమ్స్ బాండ్ సినిమా 'గోల్డ్‌ఫింగర్' కోసం ప్రొడక్షన్ డిజైనర్, అంటే సినిమాలో సెట్ల రూపం ఊహించి కట్టించే కెన్ ఆడమ్‌కీ అనుమతి దొరకలేదు. ఇంకొకరైతే తల పట్టుకునేవారు. ఆయనకు మాత్రం చేతులు విప్పినట్టయింది. ఇంగ్లండ్‌లోని పైన్‌వుడ్ స్టూడియోలో, మెరిసే కటకటాల వెనక బంగారు కడ్డీలను ఆకాశానికి అంటేలా పేర్చేశారు. నిజం ఖజానాలో అంత ఎత్తున పేర్చరు, ఆ బరువు అలాంటిది. కానీ బంగారం దోపిడీ కథ చూడ్డానికి వచ్చినవాడికి బంగారం కంటినిండా కనిపించాలి కదా! అధ్యక్షుడికే ప్రవేశం లేని చోటికి సినిమావాళ్లను ఎలా రానిచ్చారని జనం ఉత్తరాలు రాశారని ఆయన నవ్వుతూ చెప్పుకునేవారు.

ఆయన 1921లో బెర్లిన్‌లో ఒక యూదు కుటుంబంలో పుట్టారు. నాజీల రాజ్యం మొదలయ్యాక, 1934లో ఆ కుటుంబం ఇంగ్లండ్ చేరింది. లండన్‌లో ఆర్కిటెక్చర్ చదువుకున్నారు. రెండో ప్రపంచ యుద్ధంలో బ్రిటిష్ వైమానిక దళంలో టైఫూన్ యుద్ధవిమానం నడిపారు. జర్మనీలో పుట్టినవాడు, శత్రువుకి చిక్కితే ద్రోహి కింద జమకట్టేవాళ్లే. ఆ తర్వాత స్టూడియోలో డ్రాఫ్ట్స్‌మన్‌గా చేరారు. అంటే, వేరేవాళ్లు అనుకున్న సెట్లకు కొలతలు వేసి బొమ్మలు గీసే పని. జేమ్స్ బాండ్ తొలి సినిమా 'డాక్టర్ నో' వచ్చింది 1962లో. ఈ లోపు పదేళ్ల పైమాటే గడిచింది. రంగంలోకి కొత్తగా వచ్చిన పిల్లలు ఈ లెక్క గుర్తుపెట్టుకుంటే టెన్షన్ కాస్త తగ్గుతుంది.

ఆయన చెయ్యి మారింది మాత్రం పెన్ను మార్చాక. పెన్సిల్ చేతిలో ఉంటే ప్రతి కిటికీ, ప్రతి చువ్వా గీయాలనిపిస్తుంది. మందపాటి ఫెల్ట్ పెన్నుతో అది కుదరదు. పెద్ద ఆకారం, వెలుగు, నీడ, అంతే. ఆయన స్కెచ్‌లో సగం కాగితం నల్లగా ఉంటుంది. కెమెరామన్‌కి ఏం కావాలో అప్పుడే తెలిసిపోతుంది.

అణుయుద్ధం మీద తీసిన వ్యంగ్య చిత్రం 'డాక్టర్ స్ట్రేంజ్‌లవ్'లో వార్ రూమ్, అంటే అమెరికా అధ్యక్షుడూ సైన్యాధికారులూ కూర్చుని యుద్ధం గురించి చర్చించే గది సంగతి చూడండి. మొదట ఆయన రెండు అంతస్తుల గది గీశారు. దర్శకుడు స్టాన్లీ కుబ్రిక్ సరేనన్నారు. పనులు మొదలయ్యాక మనసు మార్చుకున్నారు. పై అంతస్తులో అంతమంది జూనియర్ ఆర్టిస్టులను కూర్చోబెట్టి ఏం చేయించాలన్నది ఆయన అనుమానం. మళ్లీ మొదటికొచ్చింది. అప్పుడు పుట్టిందే ఆ త్రికోణపు గది. బాంబు షెల్టర్‌లా వాలు గోడలు, నల్లగా మెరిసే నేల, మధ్యలో పెద్ద గుండ్రటి బల్ల, దాని మీద వేలాడే దీపాల వలయం. నటుల మొహాల మీద పడే వెలుగు చాలావరకు ఆ వలయానిదే. సెట్టే లైటింగ్ కూడా చేసింది. బల్ల మీద పేకాట బల్లలకు పరిచే పచ్చటి గుడ్డ పరిచారు. సినిమా చూస్తే బ్లాక్ అండ్ వైట్! ప్రపంచాన్ని పందెం కాస్తున్నామన్న ఊహ నటుల్లో ఉండాలని కుబ్రిక్ పట్టుబట్టారు. రీగన్ అమెరికా అధ్యక్షుడయ్యాక, వార్ రూమ్ ఎక్కడని అడిగారని ఒక కథ ప్రచారంలో ఉంది. నాకైతే నమ్మకం లేదు. అయినా ఆ కథ పుట్టేంత పని ఆ సెట్ చేసింది.

తమాషా ఏమిటంటే, ఇలాంటి సెట్లకు ఆయనకు ఆస్కార్ రాలేదు. వచ్చిన రెండూ 'బ్యారీ లిండన్' (1975), 'ద మ్యాడ్‌నెస్ ఆఫ్ కింగ్ జార్జ్' (1994) సినిమాలకు. రెండూ 18వ శతాబ్దపు కథలే. 'బ్యారీ లిండన్' అయితే నిజమైన భవనాల్లోనే తీయాలన్నారు కుబ్రిక్. కొన్ని దృశ్యాలు కొవ్వొత్తి వెలుగులోనే తీశారు. ఊహతో బతికే మనిషిని చారిత్రక ఆధారాలకు కట్టేస్తే ఎలా ఉంటుంది? ఆడమ్ మానసికంగా కుంగిపోయి ఆసుపత్రిలో చేరాల్సి వచ్చింది. ఆ సినిమాలో సెట్ గొప్పగా కనిపించదు, కనిపించకూడదు కూడా. నా దృష్టిలో ఆ పని తక్కువది కాదు. కానీ ఆయన సొంతం మాత్రం వార్ రూమే.

ఆ తర్వాత మళ్లీ బాండ్ దగ్గరికే వెళ్లారు. 'ద స్పై హూ లవ్డ్ మీ' (1977) కోసం జలాంతర్గాములను మింగే ఓడ లోపలి భాగం కావాలి. పట్టే ఫ్లోర్ ఎక్కడా లేకపోతే పైన్‌వుడ్‌లో కొత్తది కట్టించారు. అంత జాగాకి లైటింగ్ ఎలా అని తోచక రహస్యంగా పిలిచింది ఎవరిననుకున్నారు? కుబ్రిక్‌నే. ఆయనా ఎవరికీ చెప్పొద్దని మాట తీసుకుని మరీ వచ్చి సలహా ఇచ్చి వెళ్లారు.

ఇప్పుడు స్కెచ్‌లు చూద్దాం. తొలి స్లైడ్ వార్ రూమ్. వెలుగు ఎక్కడి నుంచి పడుతోందో ముందు చూడండి, గోడల సంగతి తర్వాత మాట్లాడుకుందాం.