బెట్సీ రాస్ నిజంగానే తొలి జెండా కుట్టిందా?

అందరికీ నమస్తే. ఇవాళ ఫిలడెల్ఫియా వచ్చాం. నా వెనక జెండా ఎగురుతున్న చిన్న ఇటుక ఇల్లు కనిపిస్తోంది కదా, అమెరికా తొలి జెండా కుట్టిందని చెప్పుకునే బెట్సీ రాస్ ఇల్లు ఇదే, ఆర్చ్ స్ట్రీట్‌లో ఉంది. మా పాప స్కూల్ ప్రాజెక్ట్ కోసం బయల్దేరాం.

అమెరికాలో పిల్లలందరికీ తెలిసిన కథే. 1776లో జార్జ్ వాషింగ్టన్ మరో ఇద్దరిని వెంటబెట్టుకుని వచ్చి ఈమెను జెండా కుట్టమన్నాడట. ఆయన ఆరు కోణాల నక్షత్రం కావాలంటే, ఐదు కోణాలదైతే సులువని మడిచి ఒక్క కత్తిరింపుతో చూపించిందట. నిన్న రాత్రి పాప కాగితాలన్నీ కత్తిరించి కత్తిరించి, చివరికి తనూ సాధించింది.

సాధించాక అడిగింది, "అమ్మా, ఇదంతా అప్పుడే ఎవరైనా రాసిపెట్టారా?"

చిక్కంతా అక్కడే ఉంది. కథ బయటికొచ్చింది 1870లో. ఆమె కూతురి కొడుకు విలియం కాన్బీ పెన్సిల్వేనియా హిస్టారికల్ సొసైటీలో చదివి వినిపించాడు. బెట్సీ 1836లోనే పోయింది. ఆమె నోటే విన్నామని బంధువులు ప్రమాణపత్రాలు ఇచ్చారు. వాళ్లు అబద్ధమాడారని నేననను. అమ్మమ్మ చెప్పిన మాటను మనమైనా అలాగే దాచుకుంటాం. కానీ వాషింగ్టన్ వచ్చాడని చెప్పే 1776 నాటి కాగితం ఒక్కటీ దొరకలేదు.

కాగితం ఉన్నది ఫ్రాన్సిస్ హాప్కిన్సన్‌కి. స్వాతంత్ర్య ప్రకటన మీద సంతకం పెట్టినవాళ్లలో ఆయనొకరు. జెండా డిజైన్ చేసినందుకు ప్రతిఫలం ఇమ్మని 1780లో కాంగ్రెస్‌ని, అంటే అప్పటి అమెరికా చట్టసభని అడిగారు, మొదట ఒక చిన్న పీపా వైన్ చాలన్నారు. ఆ పనిలో ఇంకొందరి చేయీ ఉందని చెప్పి ఏమీ ఇవ్వలేదు.

మరి బెట్సీకి ఏమీ లేదా? ఉంది, నన్ను కదిలించింది అదే. 1777 మే 29న ఓడల జెండాలు కుట్టినందుకు పెన్సిల్వేనియా నౌకాదళ బోర్డు ఆమెకు 14 పౌండ్ల 12 షిల్లింగుల 2 పెన్నీలు ఇచ్చినట్టు లెక్క ఉంది. చారలు, 13 నక్షత్రాల జెండాకు కాంగ్రెస్ తీర్మానం చేసింది జూన్ 14న, అంటే ఇంకో 16 రోజులకి. కాబట్టి ఈ డబ్బు ఆ జెండాకే అని చెప్పలేం. అయినా భర్త పోయి ఏడాదిన్నర కూడా కాలేదు, యుద్ధం నడుస్తోంది, ఆమె సూది పట్టుకుని బతుకు నెట్టుకొస్తోంది. వాషింగ్టన్ గుమ్మంలోకి రాకపోయినా నాకు ఆమె గొప్పదే.

పాప ఆ లెక్కను ప్రాజెక్ట్‌లో నక్షత్రం పక్కనే రాసుకుంది. కథ ఉన్న పేజీకి మాత్రం పైన "ఇంట్లోవాళ్లు చెప్పింది" అని పెట్టింది.