వానలకు లేచే పెరటి కలుపు

శ్రోతలకు నమస్కారం. వినాయక చవితి ముందురోజు విశాఖ బజార్లలో గరిక, ఉత్తరేణి పత్రిగా అమ్ముతారు. బేరమాడి మరీ కొంటాం. అదే ఉత్తరేణి వారం తిరక్కుండా పెరట్లో మొలిస్తే పీకి గోడవతల పారేస్తాం.

వానలు పడగానే ముందు లేచేది తుంగ. ఆకు పట్టి లాగితే పుటుక్కున తెగి చేతికొస్తుంది. గడ్డ మాత్రం లోపలే ఉండిపోతుంది. ఆ గడ్డలన్నీ సన్నని వేళ్లతో గొలుసులా కలిసి ఉంటాయి. పారతో నరికితే గొలుసు తెగి, అంతవరకూ నిద్రపోతున్న గడ్డలు కూడా మొలకెత్తుతాయి. ప్లాస్టిక్ షీటు కప్పినా సూదిమొన లాంటి మొలక దాన్ని పొడుచుకుని వచ్చేస్తుంది. నేల తడిగా ఉన్నప్పుడు జానెడు లోతు పెళ్లగించి, మట్టి దులిపి, గడ్డలు ఏరండి. గచ్చు మీద రెండు వారాలు గట్టి ఎండ తగలనివ్వండి. చేతికి చిక్కనివి మళ్లీ మొలుస్తాయి; మూడు వారాలు దాటనివ్వకుండా వాటినీ తవ్వాలి, లేదంటే కొత్త గడ్డలు ఊరతాయి. ఒక్క ఏడాదిలో తీరే పని కాదిది. అన్నట్టు, సున్నిపిండిలో వాసనకు వేసే తుంగముస్తలు ఈ గడ్డలే.

వయ్యారిభామను మాత్రం వెనకేసుకు రావడానికేమీ లేదు. అమెరికా ఖండం నుంచి వచ్చిన ఈ మొక్కను మన దేశంలో 1955 ప్రాంతంలో పుణెలో గుర్తించారు. తాకితే దురద, పుప్పొడి పీలిస్తే ఆయాసం. మొలిచిన నెలా నెలన్నరకే పూస్తుంది, ఒక్కో మొక్క వేల గింజలు రాలుస్తుంది. అందుకే పూతకు ముందే చేతి తొడుగులు, పొడుగు చేతుల చొక్కా వేసుకుని వేరుతో సహా పీకాలి. అప్పుడైతే కంపోస్టుకు పనికొస్తుంది. పూత మొదలయ్యాక ఎరువుగుంతలో వేశారా, ఆ ఎరువు పడ్డ ప్రతి కుండీలోనూ అదే. ఖాళీ జాగాల్లో లీటరు నీళ్లకు 200 గ్రాముల ఉప్పు కలిపి, ఎండ కాసే రోజున ఆకులన్నీ తడిసేలా కొట్టడం వాడుకలో ఉంది. ఉప్పు నేలలో మిగిలిపోతుంది కనుక పెరట్లోనూ, బావి దగ్గరా వద్దు. పీకిన చోట తంటెం గింజలు చల్లితే అది గుబురుగా అల్లుకుని వయ్యారిభామను అణుస్తుంది. తంటెం కూడా కలుపే అనుకోండి, కాకపోతే దురద పెట్టదు.

పొన్నగంటి కూర ఒకప్పుడు గట్ల మీద పీకేసిందే, ఇప్పుడు కట్టలు కట్టి అమ్ముతున్నారు. లేత కొసలు తుంచి పెసరపప్పుతో వండుకోవచ్చు. అయితే ఊరి మురుగు పారే గెడ్డల ఒడ్డున కోయకండి. ఆ నీటిలోని సీసం లాంటి లోహాలు ఆకుల్లోకి చేరతాయి, ఎంత కడిగినా పోవు.