ముందు రాసుకోండి, తర్వాత వెతకండి

శ్రోతలకు నమస్కారం. మూడేళ్ళ పిల్ల అన్నం తింటూ తింటూ "మా ఇల్లు ఇది కాదు, అక్కడ నాకు ఇద్దరు పిల్లలున్నారు" అందనుకోండి. అమ్మమ్మ దగ్గరికి లాక్కుని "ఏ ఊరమ్మా? ఎలా పోయావు?" అని మొదలుపెడుతుంది. సాయంత్రానికల్లా వీధిలో ఓ కథ తయారు. అందులో పిల్ల అన్నదెంత, పెద్దలు కలిపిందెంత? తేల్చడం ఇక ఎవరి తరమూ కాదు.

గత జన్మ గుర్తున్నట్టు చెప్పే ఇలాంటి పిల్లల మాటలను అమెరికాలో వర్జీనియా విశ్వవిద్యాలయం మానసిక వైద్యుడు ఇయాన్ స్టీవెన్సన్ దశాబ్దాల పాటు పరిశీలించారు. బెంగుళూరులోని మానసిక ఆరోగ్య సంస్థ నిమ్‌హాన్స్‌లో సత్వంత్ పస్రీచా కూడా ఇదే పని చేశారు. పిల్లలు ఎక్కువగా రెండు నుంచి ఐదేళ్ళ మధ్య చెబుతారు, ఏడెనిమిదేళ్ళకల్లా మానేస్తారు. నేపథ్యం ఇంతే. అసలు సంగతి లెబనాన్‌లో ఉంది.

1964 మార్చి. కోర్నాయెల్ అనే కొండ ఊరు. అక్కడివాళ్ళు డ్రూజ్ అనే మతవర్గం వాళ్ళు, పునర్జన్మను నమ్ముతారు. ఐదేళ్ళ బాబొకడు తనది ఖ్రిబీ అనే ఊరంటాడు. జమీలా అందంగా ఉండేదంటాడు. లారీ కింద పడి ఒకతని కాళ్ళు విరిగాయంటాడు. నడవగలుగుతున్నానని తెగ సంబరపడతాడు. ఇంట్లోవాళ్ళు ఇవన్నీ ముడివేసుకున్నారు: లారీ కింద పడి చనిపోయింది వీడే, జమీలా వీడి పెళ్ళాం!

స్టీవెన్సన్ కబురైనా చేయకుండా వెళ్ళి, ముందు అంతా రాసుకున్నారు. తర్వాతే ఖ్రిబీ వెళ్ళారు. లారీ కింద పడినవాడి జీవితం బాబు మాటలకు సరిపోలేదు. సరిపోయింది అతని బంధువైన మరో యువకుడికి. వెన్నెముక క్షయతో నడవలేక, 1949లో పోయాడు. జమీలా అతని భార్య కాదు, ప్రియురాలు. లారీ కింద నేను చచ్చిపోయానని బాబు ఎన్నడూ అనలేదు. అన్నది అమ్మానాన్నలు!

57 అంశాల్లో 51 సరిపోయాయని స్టీవెన్సన్ లెక్క. అనుకున్న మనిషి కాక మరొకరు దొరికితే, సరిపోయేదాకా వెతికారేమోనన్న అనుమానమూ వస్తుంది. రావాలి కూడా. అయినా ఆ అనుమానాన్ని ఇవాళ మనం చర్చించగలుగుతున్నామంటే, ముందు రాసుకోబట్టే.

కాబట్టి ఇలాంటిది ఎదురైతే ఓ నోటుబుక్కు తీసి పేజీకి మూడు గళ్ళు గీయండి. మొదటి గడిలో పిల్ల మాట, ఉన్నది ఉన్నట్టు, ఆ యాసతోనే. రెండో గడిలో మీకు అర్థమైంది. మూడోది ఖాళీగా ఉంచండి, అది విచారణ తర్వాత నింపేది. తేదీ, వేళ, పక్కన ఎవరున్నారు, అంతకుముందు ఎవరేం అడిగారు, ఇవీ రాయండి. "నీ పేరు రాముడా?" అని అందించొద్దు. "ఊఁ, తర్వాత?" చాలు. చెప్పకపోతే వదిలేయండి.

మూడో గడి నిండకుండా పిల్లను ఆ ఊరు తీసుకెళ్ళొద్దు. గుంపుగా అసలే వెళ్ళొద్దు. "మీ ఆవిడెవరో చూపించు" అనగానే పదిమంది కళ్ళూ ఒకావిడ వైపే తిరుగుతాయి, పిల్లాడు ఆ చూపుల్ని పట్టుకుని వేలు చూపిస్తాడు. ఫొటో చూపించాల్సివస్తే అదే వయసు మనుషులవి మరో ఐదారు కలిపి, అందులో ఎవరెవరో తెలియని మనిషి చేత చూపించండి. ఫోన్‌లో రికార్డు చేస్తే మీ ప్రశ్న కూడా అందులో వినబడాలి, దాన్ని కత్తిరించొద్దు.