వెల్లుల్లి బీన్స్ వేపుడు: రాయగడలో పిన్ని వంటింటి నుంచి

హోస్ట్: అందరికీ నమస్కారం. ఈసారి రికార్డింగ్ గదిలో కాదు, ఒడిశాలోని రాయగడలో మా పిన్ని వంటింట్లో కూర్చున్నాం. మధ్యలో కుక్కర్ విజిల్ వినిపిస్తే అది పప్పుచారుకి పెట్టిన కందిపప్పు. ఆ పప్పుచారు పక్కన నంజుకోవడానికి వెల్లుల్లి బీన్స్ చేస్తున్నాం. బీన్స్, వెల్లుల్లి, నూనె, ఉప్పు, రెండు ఎండుమిర్చి. ఇంతే. దీనికి ఒక ఎపిసోడ్ అవసరమా పిన్నీ?

పిన్ని: అవసరమే అమ్మా. మసాలా కూరలో ఒకటి తగ్గితే ఇంకోటి కప్పేస్తుంది. ఇందులో కప్పడానికి ఏముంది? వెల్లుల్లి మాడిందంటే మూకుడంతా చేదే. కొత్తగా వంట నేర్చుకునే పిల్లలు ఎవరొచ్చినా నేను ముందు ఇదే చేయిస్తాను. దీంతో మంట ఎప్పుడు తగ్గించాలో, ఎప్పుడు పెంచాలో చేతికి తెలుస్తుంది.

హోస్ట్: సరే, బీన్స్ దగ్గర మొదలుపెడదాం. పొద్దున్న సంతలో నువ్వు ఒక కుప్ప దగ్గర ఆగి, చూసి, వదిలేసి ముందుకెళ్లిపోయావు. అవి కూడా పచ్చగానే ఉన్నాయి కదా?

పిన్ని: పచ్చగా ఉంటే సరిపోదు. ఒకటి తీసి విరిచి చూడు. టప్పున విరగాలి, విరిగిన చోట తడి కనబడాలి. విరగకుండా వంగిందంటే కోసి చాలా రోజులైనట్టు. ఆ కుప్పలో కాయల మీద గింజలు ఉబ్బి బయటికి కనబడుతున్నాయి, చూశావా? అవి ముదురు. ముదురు కాయ ఎంత ఉడికించినా పైన తోలు నాలుక్కి తగులుతూనే ఉంటుంది. వాటిని గింజలు ఒలిచి కూరలో వేసుకోవచ్చు, వేపుడుకి మాత్రం వద్దు.

హోస్ట్: ఇక్కడి సంతకి బీన్స్ ఎక్కడి నుంచి వస్తాయి?

పిన్ని: కొన్ని చుట్టుపక్కల ఊళ్లవే. కొన్ని పైనుంచి దిగుతాయి. కొరాపుట్ వైపు వాతావరణం చల్లన కదా, సెమిలిగుడ, కుందులి సంతలు చూస్తే కూరగాయలు కుప్పలు కుప్పలు. బీన్స్‌కి ఆ చల్లదనం బాగా పడుతుంది. ఎండ మండిపోతే పూత రాలిపోతుంది. అందుకే చలికాలంలో దొరికే బీన్స్ రుచే వేరు. కొండల మీంచి ఆడవాళ్లు తెల్లారకముందే బయల్దేరి బుట్టలతో మోసుకొస్తారు. వాళ్ల దగ్గర నేను బేరమాడను. అంత దూరం మోసుకొచ్చి, ఎండెక్కేలోపు అమ్ముకుని పోవాలి పాపం.

హోస్ట్: మనం పావుకిలో తీసుకున్నాం. పప్పుచారుతో కలిపి తింటే ముగ్గురు నలుగురికి సరిపోతుంది. పిన్ని ఇప్పుడు తొడిమలు గిల్లుతోంది. తొడిమ పట్టుకుని కిందికి లాగితే నార దారంలా వచ్చేస్తోంది.

పిన్ని: లేత కాయలకి నార ఉండదు, రెండు చివర్లు గిల్లితే చాలు. ముందు కడగాలి, తర్వాత కోయాలి. కోశాక కడిగితే రుచి నీళ్లలో పోతుంది. కడిగినవి గుడ్డ మీద ఆరబెట్టాలి, తడి అస్సలు ఉండకూడదు. ముక్కలు రెండంగుళాలు, కాస్త ఏటవాలుగా. కొబ్బరి వేసే కూరకైతే సన్నగా తరుగుతాం. దీనికి అలా తరిగితే నలిగిపోతాయి.

హోస్ట్: ఇప్పుడు వెల్లుల్లి. పిన్ని పది రెబ్బలు తీసి రెండు భాగాలు చేసింది. ఆరు ఇటు, నాలుగు అటు. ఆరింటిని సన్నటి చక్రాల్లా కోసింది. నాలుగింటిని చిన్న కల్వంలో కచ్చాపచ్చాగా దంచి పక్కన పెట్టింది. రెండు రకాలెందుకు?

పిన్ని: కోసింది వాసన చూడు. ఇప్పుడు దంచింది చూడు.

హోస్ట్: అమ్మో, దంచింది ముక్కుపుటాలకి తగిలింది. వినేవాళ్ల కోసం ఒక మాట. చెక్కుచెదరని రెబ్బకి పెద్దగా వాసన ఉండదు. దాంట్లో అల్లిన్ అనే పదార్థం ఒక అరలో, అల్లినేజ్ అనే ఎంజైము ఇంకో అరలో ఉంటాయి. కోసినప్పుడో దంచినప్పుడో ఆ అరలు చిట్లి రెండూ కలుస్తాయి, అల్లిసిన్ పుడుతుంది. ఆ ఘాటు దానిదే. ఎంత నలిపితే అంత ఎక్కువ. వేడి తగలగానే ఆ ఎంజైము పని ఆగిపోతుంది. అందుకే దంచిన వెంటనే నూనెలో వేయకుండా ఓ పది నిమిషాలు వదిలేయమంటారు.

పిన్ని: మా అత్తగారు ఈ కబుర్లేవీ చెప్పలేదు గానీ, ముందు వెల్లుల్లి దంచి పెట్టి తర్వాతే కూరగాయలు తరగమనేవారు. అదే పద్ధతి. కోసిన ముక్కలు నూనెకి తీపి వాసన ఇస్తాయి. దంచింది చివర్లో వేస్తే ఘాటు నిలబడుతుంది. ఒకటే వేస్తే ఒక రుచే వస్తుంది. నాకు రెండూ కావాలి.

హోస్ట్: నూనె సంగతి. పొయ్యి పక్కన రెండు సీసాలున్నాయి, వేరుశెనగ నూనె, ఆవనూనె.

పిన్ని: మా వీధిలో ఒక ఇంట్లో చారు కాస్తుంటారు, పక్కింట్లో పప్పులో కూరగాయలు వేసి వండే ఒడియా వంట డాల్మా ఉడుకుతుంటుంది. 1936లో ఒడిశా విడిగా ఏర్పడేదాకా ఇదంతా విశాఖపట్నం జిల్లాలోదే కదా. మన వంటలు అటు, వాళ్ల వంటలు ఇటు వచ్చాయి. ఆవనూనె అలా మా ఇంటికొచ్చిందే. బీన్స్‌కి చాలా బాగుంటుంది. కానీ దాన్ని ముందు పొగ వచ్చేదాకా కాచాలి, అప్పుడే పచ్చి ఘాటు పోతుంది. కాచాక పొయ్యి కట్టేసి, నూనె చల్లబడనిచ్చి అప్పుడు వెల్లుల్లి వేయాలి. పొగలొచ్చే నూనెలో వేశావో, రెప్పపాటులో నల్లబడిపోతుంది.

హోస్ట్: ఇది బాగా గుర్తుపెట్టుకోండి. బంగాళాదుంపకో వంకాయకో కాగిన నూనె నడుస్తుంది. వెల్లుల్లిలో తేమ తక్కువ, చక్కెర జాతి పదార్థాలు ఎక్కువ. తొందరగా ఎర్రబడుతుంది, ఎర్రబడిన వెంటనే మాడుతుంది.

పిన్ని: ఇవాళ వేరుశెనగ నూనెతో చేస్తాను, అందరిళ్లలో ఉంటుంది. మూకుడులో రెండు చెంచాలు పోశాను, ఇంకా వేడెక్కలేదు. ఇప్పుడే వెల్లుల్లి చక్రాలు వేసేస్తున్నాను. మంట సన్నగా.

హోస్ట్: చల్లటి నూనెలోనే?

పిన్ని: చల్లటి దాంట్లోనే. నూనెతో పాటు అదీ మెల్లగా వేడెక్కాలి. చూడు, అంచుల్లో చిన్న చిన్న బుడగలు.

(సన్నగా చిటపటల శబ్దం)

హోస్ట్: మూకుడు దగ్గరికొచ్చి చూస్తున్నాను. చక్రాల చుట్టూ బుడగలు, మధ్యలో ఇంకా తెలుపే. అంచు లేత పసుపుకి తిరుగుతోంది. వాసన మారింది, ఇందాకటి ఘాటు లేదు, నెయ్యి కాగుతున్నట్టుంది.

పిన్ని: ఇప్పుడే తీసెయ్యాలి.

హోస్ట్: ఇంకా పూర్తిగా వేగలేదు పిన్నీ.

పిన్ని: గరిటెలోకి తీశాక కూడా లోపలి వేడికి వేగుతూనే ఉంటుంది. నీకు కావలసిన రంగు మూకుడులోనే వచ్చిందంటే, పళ్లెంలోకి వచ్చేసరికి దాటిపోతుంది. ఇవి పక్కన పెట్టు, చివర్లో పైన చల్లుతాం. కరకరలాడతాయి.

హోస్ట్: నిజమే, పళ్లెంలో చూస్తుండగానే బంగారు రంగుకి వచ్చేశాయి. నూనె మాత్రం మూకుడులోనే ఉంది, వెల్లుల్లి సారమంతా దాంట్లో దిగింది.

పిన్ని: ఇప్పుడు మంట పెంచు. ఎండుమిర్చి తుంచి వేశాను. బీన్స్, ఉప్పు.

(జోరుగా చిటపటల శబ్దం)

పిన్ని: కలిపి కాసేపు వదిలెయ్. గరిటె తిప్పుతూనే ఉంటే వేగవు. కాయ మీద అక్కడక్కడా గోధుమ రంగు మచ్చలు పడాలి, తోలు కొంచెం ముడతలు పడాలి. రుచి ఆ మచ్చల్లోనే ఉంది.

హోస్ట్: తడి లేకుండా ఆరబెట్టమన్నది ఇందుకే. తడి ఉంటే ముందు ఆవిరి పడుతుంది, వేగడం మొదలవ్వదు. పైగా నూనె మీదికి చిందుతుంది.

పిన్ని: రెండు నిమిషాలైంది. ఇప్పుడు రెండు చెంచాల నీళ్లు చిలకరించి మూత. రెండు మూడు నిమిషాలు, అంతకు మించొద్దు.

హోస్ట్: ఈలోపు ఒక సందేహం. బీన్స్‌ని ముందు ఉప్పునీళ్లలో ఉడికించి, చన్నీళ్లలో వేసి, తర్వాత వేయించే పద్ధతి చాలా వీడియోల్లో ఉంటుంది. నువ్వెందుకు చేయలేదు?

పిన్ని: ఇవాళ కోసిన కాయకి ఎందుకు? నాలుగు రోజులు ఫ్రిజ్‌లో పడున్న వాటికైతే చెయ్యి. పెద్ద గిన్నెలో నీళ్లు తెర్లుతుండగా లీటరుకి చెంచాడు ఉప్పు వేసి, బీన్స్ వేసి మూడు నిమిషాలు. మూత పెట్టొద్దు. తీసి చన్నీళ్లలో వెయ్యి, గుడ్డతో తుడువు. పదిమందికి వండాలన్నా అదే మేలు. ముందే ఉడికించి పెట్టుకుని, వడ్డించే ముందు మూకుడులో తిప్పెయ్యచ్చు.

హోస్ట్: కొరాపుట్ వైపు కొండ మీద సునాబెడలో ఉండే మా వదిన అంటుంటుంది, అక్కడ ఏదైనా ఉడకడానికి ఇంకాస్త సేపు పడుతుందని. కారణం ఉంది. సునాబెడ సముద్రమట్టానికి సుమారు 900 మీటర్ల ఎత్తు. ప్రతి 300 మీటర్లకి నీళ్లు మరిగే వేడి ఒక డిగ్రీ చొప్పున తగ్గుతుంది. అంటే అక్కడ నీళ్లు దాదాపు 97 డిగ్రీలకే మరిగిపోతాయి. అందుకని కొండ మీద ఉండేవాళ్లు గడియారం చూడకుండా ఒక ముక్క కొరికి చూడాలి.

పిన్ని: ఎక్కడున్నా కొరికే చూడాలి. కరకరమని పచ్చిగా ఉంటే ఇంకో నిమిషం. ఇప్పుడు కొందరు సగం పచ్చిగా తింటున్నారు, అది మాత్రం వద్దు.

హోస్ట్: బీన్స్‌లో లెక్టిన్లు అనే పదార్థాలుంటాయి, పచ్చివి తింటే కడుపు పాడవుతుంది. ఉడికితే వాటి బలం పోతుంది. కొరికితే కాస్త పట్టు తగలాలి, పసరు మాత్రం ఉండకూడదు. మూత తీసింది పిన్ని. రంగు ఎంత బాగుందో!

పిన్ని: మూత ఇంకా ఉంచితే ఈ రంగు పోయేది.

హోస్ట్: బీన్స్ ఉడికేటప్పుడు వాటిలోంచే కొద్దిగా ఆమ్లం బయటికొస్తుంది. మూత ఉంటే ఆవిరితో కలిసి మళ్లీ కాయల మీదే పడుతుంది. దాంతో ఆకుపచ్చ పదార్థంలోని మెగ్నీషియం పోయి, రంగు మాసిపోతుంది. అందుకే కొందరు సోడా ఉప్పు వేస్తారు.

పిన్ని: ఒద్దమ్మా. రంగు నిలుస్తుంది గానీ కాయ జావైపోతుంది, విటమిన్లు కూడా పోతాయి. నిమ్మరసం పిండుకునేవాళ్లు కూడా పొయ్యి మీద ఉండగా పిండకండి, కంచంలోకి వచ్చాక.

హోస్ట్: పసుపు? ఒడిశాలో కూర్చుని పసుపు వద్దంటావా, ఇక్కడి కంధమాల్ జిల్లా పసుపుకి 2019లో జీఐ, అంటే భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది.

పిన్ని: ఆ పసుపు పప్పులో వేశాను. ఇక్కడ వద్దు. మా పక్కింటావిడ పంచఫుటణ వేస్తుంది, జీలకర్ర, ఆవాలు, మెంతులు, సోంపు, నల్లజీలకర్ర కలిపి. అదీ బాగుంటుంది. కానీ అప్పుడది వెల్లుల్లి వేపుడు కాదు, ఇంకో వంట. సరే, నీళ్లు ఇంకిపోయాయి. బీన్స్‌ని మూకుడు అంచులకి జరిపాను. మధ్యలో అరచెంచా నూనె, దంచిన వెల్లుల్లి. మంట తగ్గించాను. పచ్చి వాసన తగ్గగానే కలిపెయ్యాలి, అరనిమిషం చాలు.

హోస్ట్: ఇప్పుడొచ్చింది అసలు వాసన! పిన్ని పొయ్యి కట్టేసింది. వేయించి తీసిన చక్రాలు పైన చల్లుతోంది. ఒక ముక్క నోట్లో వేసుకుంటున్నాను. ముందు బీన్స్ తీపి, ఆ వెనకే వెల్లుల్లి ఘాటు. పైన కరకర. చాలా బాగుంది పిన్నీ.

పిన్ని: పప్పుచారన్నంలో నంజుకో. వేసవిలో అయితే పఖాళతో.

హోస్ట్: చద్దన్నం లాంటిదే పఖాళ. అన్నంలో నీళ్లు పోసి పులియబెట్టి తింటారు. మార్చి 20న ఒడిశా అంతటా పఖాళ దివస్ అని ఒక పండగలా చేసుకుంటారు. చప్పటి, పుల్లటి అన్నం పక్కన ఇంత ఘాటైన వేపుడు ఎలా ఉంటుందో ఊహించండి. చివరగా, ఇది పిల్లల టిఫిన్ బాక్సులో పెట్టచ్చా?

పిన్ని: పెట్టచ్చు. పూర్తిగా చల్లారాకే మూత పెట్టు, వేడి మీద పెడితే ఆవిరికి మెత్తబడి రంగు పోతుంది. కరకరలాడే వెల్లుల్లి చిన్న డబ్బాలో విడిగా. ఇంకో మాట, కొందరు పచ్చి వెల్లుల్లిని నూనెలో వేసి సీసాలో పెట్టి గట్టు మీద రోజుల తరబడి ఉంచుతారు. అలా ఉంచకండి.

హోస్ట్: ఇది ముఖ్యం. నూనె లోపల గాలి తగలదు కాబట్టి బొటులిజం అనే ప్రమాదకరమైన జబ్బు తెచ్చే బ్యాక్టీరియా పెరిగే అవకాశం ఉంది. వాసనలో, రంగులో తేడా తెలియదు. ఏ రోజుకారోజు చేసుకోండి, మిగిలితే ఫ్రిజ్‌లో పెట్టి రెండు మూడు రోజుల్లో వాడేయండి.

పిన్ని: ఇంక ఆపు తల్లీ, చల్లారిపోతోంది. కంచాలు తియ్యి.