తూటా మోసేవాళ్ల యుద్ధం

శ్రోతలందరికీ నమస్కారం.

యుద్ధం ఆట అనగానే మన ఇళ్లలో అందరికీ పబ్‌జీయే గుర్తొస్తుంది. పిల్లాడు ఫోన్ పట్టుకుని మంచం మీద బోర్లా పడుకుంటాడు, వంటింట్లోంచి అమ్మ అన్నానికి పిలిచి పిలిచి విసిగిపోతుంది. 2020 సెప్టెంబర్‌లో దాన్ని మన దేశంలో నిషేధించారు, మరుసటి ఏడాది వేరే పేరుతో మళ్లీ వచ్చింది, ఆ కథంతా మీకు తెలిసిందే. ఈ రోజు నేను చెప్పాలనుకున్నవి ఇంకో రకం ఆటలు, ఎక్కువగా కంప్యూటర్ మీద ఆడేవి. వాటిలోనూ తుపాకీ ఉంటుంది, దాంతోపాటు రోడ్లు, గోదాములు, లారీలు, పైన ఒక కమాండరు, మైకులో ఆగకుండా మాటలు, ఇవన్నీ ఉంటాయి. అటు ఇటు ఉండేది నిజం మనుషులు, అదీ పెద్ద సంఖ్యలో. 2015లో ప్లానెట్‌సైడ్ 2 అనే ఆటలో 1,158 మంది ఒకే పోరులో తలపడితే అది గిన్నిస్ రికార్డుకెక్కింది.

వీటిలో నాకు ప్రాణం ఫాక్స్‌హోల్. కెనడాలోని టొరంటోలో తయారైంది, 2017లో ఆడేవాళ్ల చేతికొచ్చింది, పూర్తి రూపం 2022లో దొరికింది. కలోనియల్స్, వార్డెన్స్ అని రెండు పక్షాలు. ఒక్కసారి యుద్ధం మొదలైతే వారాల తరబడి సాగుతుంది, మీరు పడుకున్నా అది ఆగదు, రాత్రి మీరు నిలబెట్టిన ఊరు తెల్లారేసరికి అవతలివాళ్ల చేతిలో ఉండొచ్చు. ఇంకో సంగతి, ఆ ఆటలో ఏ తూటా ఊరికే రాదు. ఎవరో ఒకరు సుత్తి పట్టుకుని తుక్కు కొట్టాలి, దాన్ని శుద్ధి చేసే చోటికి తోలాలి, వచ్చిన సరుకుతో ఫ్యాక్టరీలో తూటాలు చేయించి పెట్టెలకెత్తి, లారీలో వేసుకుని, చీకట్లో లైట్లు ఆర్పేసి ముందు వరుస దాకా నడపాలి. దారిలో శత్రువు కాపు కాసి పేల్చేస్తే పడిన కష్టమంతా మట్టిపాలు. సైనికుడు చనిపోయి మళ్లీ లేవాలన్నా ఆ స్థావరంలో ఒక జత యూనిఫాం నిల్వ ఉండాలి, ఆడేవాళ్లు వాటిని షర్టులు అంటారు. షర్టులు అయిపోతే ఎంత మొనగాడైనా అక్కడ మళ్లీ లేవలేడు.

అందుకే 2022 మొదట్లో జరిగింది నాకు వింతగా అనిపించలేదు. సామాను మోసే ఆటగాళ్లు, రెండు పక్షాల వాళ్లూ కలిసి, ఈ పనిలో ఉత్త క్లిక్కులు నొక్కడమే ఎక్కువైపోయిందని, దీన్ని బాగుచెయ్యమని తయారుచేసినవాళ్లకు బహిరంగ లేఖ రాసి, సంఘం పెట్టుకుని సమ్మెకు దిగారు. ఆటలో సమ్మె! సింగరేణి సమ్మెలు చూసిన ప్రాంతం మనది, చేతులు ఆగితే ఏమవుతుందో మనకు ఒకరు చెప్పాల్సిన పని లేదు.

హన్మకొండలో మా అక్క కొడుకు ఆడేది వేరే ఆట, హెల్ లెట్ లూజ్. ఇది 2021లో వచ్చింది, రెండో ప్రపంచ యుద్ధం నేపథ్యం, పక్షానికి 50 మంది. ఒక రాత్రి వాడి పక్కన కూర్చుని చూశాను. ఫ్రాన్స్‌లోని నార్మండీలో ఏదో పల్లె, పొదల వెంట వంగి నడుస్తున్నాడు, వీపు మీద సామాను. ఎదురుగా శత్రువు కనిపించినా కాల్చలేదు, నేల మీద పడుకుని వాడు దాటిపోయేదాకా ఊపిరి బిగబట్టాడు. తర్వాత ఒక గోడ చాటున డబ్బా దించి మైకులో మెల్లగా, "అన్నా, డబ్బా పెట్టిన, జల్ది వచ్చి గ్యారిసన్ కట్టుండ్రి" అన్నాడు. గ్యారిసన్ అంటే చనిపోయినవాళ్లు మళ్లీ లేచే చోటు, దళ నాయకుడు వచ్చి కట్టాడు. అంతే, అప్పటిదాకా ఎక్కడో వెనక నుంచి పరుగెత్తుకొస్తున్న వాళ్లంతా ఆ గోడ దగ్గరే లేవడం మొదలుపెట్టారు. అరగంటగా చిక్కని చర్చి పది నిమిషాల్లో చిక్కింది. చివర్లో పట్టికలో చూస్తే మావాడు చంపింది ఇద్దరినో ముగ్గురినో. ఆ మ్యాచ్ గెలిపించింది వాడే అని నేను ఇప్పటికీ అంటాను.

సామాను, కబురు అందనివాడే ఓడతాడన్న మాట ఖిల్లా వరంగల్ చూసినవాళ్లకు కొత్తగా ఉండదు. రాతి కోట, మట్టి కోట, చుట్టూ కందకం, అంత కట్టుదిట్టం. ఢిల్లీ సుల్తాను కొడుకు ఉలుగ్ ఖాన్ మొదటిసారి ముట్టడించినప్పుడు ఢిల్లీ నుంచి కబుర్లు ఆగిపోయాయి, సుల్తాను చనిపోయాడని పుకారు లేచింది, దండు చెదిరి దేవగిరి వైపు వెనుదిరిగింది. ఇక పీడ విరగడైందనుకుని ప్రతాపరుద్రుడు విందులకు ధాన్యం కొట్లు తెరిపించాడని చరిత్రకారులు అంటారు. ఉలుగ్ ఖాన్ కొత్త బలగంతో మళ్లీ వచ్చాడు, 1323లో కోట పడింది. మొదటిసారి కబురు అందక ఒకరు ఓడారు, రెండోసారి తిండి గింజలు లేక ఇంకొకరు. పుస్తకంలో ఇది చదివి మర్చిపోయే పిల్లలు, ఆటలో షర్టులు అయిపోయిన రోజు మాత్రం మర్చిపోరు.

తల్లిదండ్రులకు రెండు మాటలు. ఇవి పందెం కట్టి ఆడే ఆటలు కావు. 2025లో వచ్చిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం నిషేధించింది డబ్బు పెట్టి ఆడేవాటిని, రెంటినీ ఒక గాటన కట్టొద్దు. టైమ్ మాత్రం బాగా తింటాయి, అందులో అనుమానం లేదు. హెల్ లెట్ లూజ్‌లో ఒక మ్యాచ్ గంటన్నర దాకా పోతుంది, మధ్యలో లేస్తే తోటివాళ్లు ఇబ్బంది పడతారు, కాబట్టి కేకలేసే బదులు "ఇంకెంత సేపుందిరా" అని అడగండి, ఆ ఒక్కటి అయ్యాక లేవమనండి. పరీక్షలప్పుడు ఫాక్స్‌హోల్ జోలికి అసలు పోనివ్వొద్దు, వారాల యుద్ధం కదా, పక్కన పుస్తకం తెరిచి ఉన్నా మనసంతా ఆ ఊరు ఏమైందో అన్న టెన్షన్‌లోనే ఉంటుంది.

కొత్తగా మొదలుపెట్టేవాళ్లు మంచి మైకు ఒకటి కొనుక్కోండి. హెల్ లెట్ లూజ్ అయితే మొదటి వారం సామాను మోసే సపోర్ట్ పాత్ర తీసుకుని దళ నాయకుడి వెంటే ఉండండి. ఫాక్స్‌హోల్ అయితే లోపలికి వెళ్లగానే చాట్‌లో షర్టులు ఎక్కడ తక్కువున్నాయని అడగండి, ఎవరో ఒకరు ఊరి పేరు చెప్తారు, లారీ ఎక్కి బయల్దేరండి.