సింహం ఆగలేదు

శ్రోతలకు నమస్కారం. ఇవాళ ఒక వేట గురించి, ఆ వేటను సినిమా తియ్యలేకపోయినందుకు పుట్టిన ఒక కెమెరా గురించి చెబుతాను.

పశ్చిమ కెన్యాలో వాసిన్ గిషు పీఠభూమి సముద్ర మట్టానికి 2,000 మీటర్ల పైనే ఉంటుంది. ఆ ప్రాంతపు కొండజనం నాండి తెగవాళ్ళు. పశువులే వాళ్ళ ఆస్తి. సింహాన్ని ఈటెలతోనే చంపేవారు. గడ్డిలో దాని జాడ తెలిస్తే చాలు, పరుగున వెళ్ళి చుట్టూ వలయం కట్టేవారు. వలయం బిగిసేకొద్దీ సింహం తోక ఝాడిస్తూ ఎవరో ఒకరి మీదికి దూకేది. ఆ మనిషి తోలు డాలు అడ్డం పెట్టుకుని నిలబడితే, పక్కవాళ్ళ ఈటెలు దిగేవి. క్షణాల్లో అంతా అయిపోయేది.

1910 ప్రాంతంలో కార్ల్ ఏక్లీ అనే అమెరికన్ దీన్ని చిత్రీకరించాలనుకున్నారు. చనిపోయిన జంతువుల తోళ్ళతో మ్యూజియంకి బొమ్మలు చెయ్యడం ఆయన వృత్తి. అప్పటి కెమెరాతో పెద్ద తంటా. రీలు తిప్పడానికో పిడి, సెకనుకు రెండు చుట్లు. పక్కలకు తిప్పడానికి ఇంకోటి. పైకీ కిందికీ వంచడానికి మరోటి. మనిషికున్నవేమో రెండు చేతులే! అన్నీ సర్దుకునేసరికి వేట ముగిసిపోయేది.

ఇంకొకరైతే చచ్చిన సింహం పక్కన ఫోటో దిగి వచ్చేసేవారు. ఈయన ఇంటికెళ్ళి కొత్త కెమెరాయే తయారుచేశారు. 1915లో పేటెంటు వచ్చింది. అట్టులా గుండ్రంగా ఉండేది. ఒక్క చేత్తో ఎటు కావాలంటే అటు తిప్పొచ్చు. జంట లెన్సుల్లో ఒకటి ఫిల్ముకి, ఒకటి కంటికి. కెమెరాను ఆకాశానికి ఎత్తినా, చూసే గొట్టం కంటి దగ్గరే ఉండేది.

1920లో రాబర్ట్ ఫ్లాహర్టీ అనే సినిమా దర్శకుడు ఉత్తర కెనడాకు తీసుకెళ్ళినవి ఈ కెమెరాలే. అక్కడి ఇన్యూట్ తెగవాళ్ళు వాల్రస్ అనే దంతాల సముద్ర జంతువును వేటాడడాన్ని ఆయన తీశారు. అప్పటికే వాళ్ళ దగ్గర తుపాకులున్నాయి. అయినా పాత పద్ధతిలో వేటాడమని అడిగి మరీ తీశారు. అది డాక్యుమెంటరీ అవుతుందా అని సినిమావాళ్ళు ఇప్పటికీ వాదించుకుంటూనే ఉన్నారు. నాకు మాత్రం ఒకటే అనిపిస్తుంది: మనుషుల్ని కెమెరా కోసం ఆపొచ్చు గానీ, సింహాన్ని ఎవరు ఆపుతారు?

1921లో ఏక్లీ తన కెమెరాతో, అప్పట్లో బెల్జియం పాలనలో ఉన్న కాంగోలోని మికెనో కొండ ఎక్కి, అడవిలో తిరిగే కొండ గొరిల్లాలను మొట్టమొదటిసారి సినిమా తీశారు. అదే ప్రయాణంలో మ్యూజియం కోసం కొన్నిటిని కాల్చి చంపారు కూడా. తిరిగొచ్చాక, ఆ కొండల్లో గొరిల్లాలకు రక్షణ కల్పించమని బెల్జియం వెంటపడ్డారు. 1925లో అక్కడ జాతీయ పార్కు ఏర్పడింది.